భానుమతి గారి పని ఏ శాఖ కిందికి వస్తుంది?

తెలుగు రాష్ట్రాల్లో సినిమా, సాంస్కృతిక, గ్రంథాలయ వ్యవహారాలు చూసే అధికారులకు, పాత సినిమాల నెగెటివ్‌లూ హక్కులూ చేతిలో ఉన్నవారికి, తెలుగు ప్రచురణకర్తలకు బహిరంగ లేఖ

అయ్యా, అమ్మా,

నమస్కారం. డిగ్రీ కాలేజీలో తెలుగు చెప్పి రిటైరయ్యాను. మాది ప్రకాశం జిల్లా. భానుమతీ రామకృష్ణ గారు పుట్టిన దొడ్డవరం మా ఒంగోలు పక్కనే. ఆవిడ సినిమాలు, పాటలు, రచనలు భద్రంగా ఒకచోట దొరికే ఏర్పాటు చేయమని మేం కొందరం పాఠకులం వినతిపత్రాలు పెట్టుకున్నాం. మొదట వెళ్ళినచోట "ఆవిడ రచయిత్రి కూడా కదండీ, సాహిత్యం వాళ్ళనడగండి" అన్నారు. సాహిత్యం వాళ్ళు "సినిమా మనిషి కదమ్మా, మా పరిధిలోకి రాదు" అన్నారు. పాటల సంగతి ఇంకోచోట అడగాలట. సరుకంతా చెన్నైలో ఉంది కాబట్టి అసలు ఇది మన రాష్ట్రం పనే కాదని ఇంకొకరు తేల్చారు. ఎవరూ విసుక్కోలేదు, కూర్చోబెట్టి మంచినీళ్ళు కూడా ఇచ్చారు. జవాబు మాత్రం కాగితం మీద ఒక్కటీ రాలేదు. ఆ ఆఫీసుల పేర్లు రాయను. రాస్తే గొడవ వాళ్ళ మీదికి మళ్ళి అసలు సంగతి మరుగున పడుతుంది. అందుకే అందరికీ కలిపి ఈ ఉత్తరం.

నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. ఆవిడ ఇన్ని పనులు చేశారు కాబట్టే ఆవిడ పనికి ఎవరూ పూచీ పడటం లేదు. ఒక్క నటనే చేసుంటే సినిమా వాళ్ళు చూసుకునేవారు. ఒక్క కథలే రాసుంటే సాహిత్యం వాళ్ళు చూసుకునేవారు.

ఆ పనులేమిటో అందరికీ తెలుసనే అనుకుంటాం. మా క్లాసుల్లో అడిగి చూస్తే తెలిసేది, చాలామంది పిల్లలకు ఆవిడంటే 'మంగమ్మగారి మనవడు' (1984)లో బాలకృష్ణ బామ్మ. అంతే. అందుకని క్లుప్తంగా చెప్తాను.

1939లో సి. పుల్లయ్య గారి 'వరవిక్రయం'లో కాళింది వేషంతో మొదలైంది ఆవిడ సినిమా జీవితం. కట్నం పోసి మొగుణ్ణి కొనడం భరించలేక ప్రాణం తీసుకునే పిల్ల కాళింది. ఆ వేషం కట్టేనాటికి ఆవిడా చిన్నపిల్లే. సంగీతం తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య గారి దగ్గర అబ్బింది. 'కృష్ణప్రేమ' తీసే రోజుల్లో పరిచయమైన సహాయ దర్శకుడు పి.ఎస్. రామకృష్ణారావు గారిని 1943లో పెళ్ళి చేసుకున్నారు. పెళ్ళితో సినిమాలకు స్వస్తి అనుకున్నారు గానీ, 1945లో బి.ఎన్. రెడ్డి గారి 'స్వర్గసీమ' ఆ మాట సాగనివ్వలేదు. ఆ తర్వాత కొడుకు భరణి పేరు మీద నిర్మాణ సంస్థ, మద్రాసు సాలిగ్రామంలో స్టూడియో. 'లైలా మజ్ను' (1949), 'విప్రనారాయణ' (1954), 'బాటసారి' (1961) ఆ సంస్థవే. వాటికి దర్శకత్వం భర్తది, నటన, పాట ఆవిడవి. నడుమ 'మల్లీశ్వరి' (1951) ఉండనే ఉంది.

1953 దగ్గర కాస్త ఆగాలి. 'చండీరాణి'. తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లోనూ తీసిన సినిమా. పక్కన ఎన్.టి. రామారావు గారు. కథానాయిక పాత్రలు రెండు, రెండూ ఆవిడవే. దర్శకత్వమూ ఆవిడదే. ఆ రోజుల్లో ద్విపాత్రాభినయమంటే కెమెరాని కదలకుండా బిగించి, లెన్సు సగం మూసి ఒకవైపు తీసి, ఫిల్ముని వెనక్కి తిప్పి, రెండో సగం తెరిచి మళ్ళీ తీయడం. మనిషి వేషం మార్చుకుని వచ్చి, అక్కడ లేని తన వైపే చూస్తూ డైలాగ్ చెప్పాలి. చూపు కాస్త పక్కకు పోతే షాట్ పోయినట్టే. ఆ టెన్షన్ మధ్య, కెమెరా ముందు నిలబడ్డ మనిషే కెమెరా వెనక సంగతులూ చూసుకోవాలి. తెలుగులో ఒక మహిళ దర్శకత్వం వహించిన మొదటి సినిమా ఇది. పని నేర్చుకోవడానికి చిన్న సినిమాతో మొదలుపెడదామని కూడా ఆవిడ అనుకోలేదన్నమాట!

పాట సంగతి వేరే చెప్పాలి. ప్లేబ్యాక్ వచ్చి నటించేవాళ్ళు ఒకరు, పాడేవాళ్ళు ఒకరు అయిపోయిన కాలంలో కూడా తన పాట తనే పాడుకున్న కథానాయిక ఆవిడ. 'బొబ్బిలి యుద్ధం' (1964)లో 'శ్రీకర కరుణాలవాల' పాడిన గొంతే, ఏడాది తిరక్కుండా 'అంతస్తులు' (1965)లో 'దులపర బుల్లోడా' పాడింది. రెండూ పక్కపక్కన పెట్టుకుని వినండి. ఆ తర్వాత తమిళనాడు ప్రభుత్వ సంగీత కళాశాలకు ప్రిన్సిపాల్‌గా చేశారు. 1982లో అందరూ పిల్లలతోనే 'భక్త ధ్రువ మార్కండేయ' తీశారు.

ఇక రచన. 'అత్తగారి కథలు'కు ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. ఆత్మకథ 'నాలో నేను'కు సినిమా మీద ఉత్తమ గ్రంథంగా జాతీయ అవార్డు వచ్చింది. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ ఇచ్చారు. 2005 డిసెంబర్ 24న చెన్నైలో కన్నుమూశారు. భారతీయ సినిమాకు నూరేళ్ళు నిండిన సందర్భంగా 2013లో తపాలా శాఖ వేసిన 50 స్టాంపుల్లో ఆవిడ స్టాంపూ ఉంది.

అంటే సత్కారాల్లో లోటేమీ జరగలేదు. మా ఫిర్యాదు అది కాదు. ఆ సత్కారాలు దేనికి వచ్చాయో ఆ పని ఇవాళ మామూలు మనిషికి అందుతోందా అన్నది ప్రశ్న. అందకపోతే ఎవరికి ఏం నష్టమో ఒక్కొక్కటిగా చెప్తాను.

1. సినిమా చూద్దామనుకునేవారికి. ఫోన్లో వెతికితే పాత సినిమాలు దొరుకుతున్నాయి కదా అంటారు. దొరికేవాటిలో చాలావాటి వాలకం చూశారా? ఎప్పుడో టీవీలో వచ్చిన క్యాసెట్ నుంచి ఎక్కించినవి. మూల మీద ఒక చానెల్ లోగో, దాని మీద ఇంకో కంపెనీ లోగో. ముఖాలు సున్నం కొట్టినట్టు తెల్లగా ఉంటాయి. పాట చరణం మధ్యలో ఎగిరిపోతుంది. అన్నిటికన్నా ఘోరం, టైటిల్స్ కత్తిరించి నేరుగా మొదటి సీను నుంచి మొదలుపెట్టడం. నటీనటులను ముఖం చూసి గుర్తుపట్టొచ్చు. దర్శకురాలి ముఖం, ఎడిటర్ ముఖం, కళా దర్శకుడి ముఖం తెర మీద ఉండవు కదా. వాళ్ళు బతికుండేది ఆ టైటిల్స్‌లోనే. అవి తీసేస్తే చూసేవాడికి భానుమతి గారు ఆ సినిమాలో హీరోయిన్ మాత్రమే.

ఇక్కడ చట్టం కూడా అడ్డం లేదు. మన కాపీరైట్ చట్టం ప్రకారం సినిమాకు రక్షణ విడుదలైన ఏడాది ముగిశాక 60 ఏళ్ళు. 'మల్లీశ్వరి' గడువు 2011తో, 'చండీరాణి' గడువు 2013తో తీరిపోయాయి. అవి ఇప్పుడు ప్రజల ఆస్తి. కానీ ఆస్తి పత్రం ఉండి ఇంటి తాళంచెవి లేనట్టుంది మన పరిస్థితి. మంచి ప్రింటో నెగెటివో ఎవరి గోడౌన్లో ఉంటే పెత్తనం వాళ్ళది. అది ఉన్నదో లేదో చెప్పమని అడిగే హక్కు కూడా మనకు లేదు.

2. ఫిల్ము ఆగదు. 1950ల మొదటి వరకూ వాడిన నైట్రేట్ ఫిల్ము నిప్పు అంటుకుంటే ఆరదు. 2003 జనవరిలో పుణెలో జరిగిన అగ్నిప్రమాదంలో జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌కు చెందిన పాత నైట్రేట్ రీళ్ళు కాలిపోయాయి. తర్వాత వచ్చిన ఎసిటేట్ ఫిల్ము అంత తేలిగ్గా అంటుకోదు గానీ కుళ్ళుతుంది. మూత తీయగానే గుప్పున వెనిగర్ వాసన కొడుతుంది. ఫిల్ము వంకర్లు పోయి, పొరలు ఒకదానికొకటి అతుక్కుని, చుట్ట మొత్తం ఒక చెక్క అవుతుంది. ఆ స్థితికొచ్చాక ఎంత డబ్బు పోసినా మిగిలేది కొంతే. ఉక్కపోత ఎక్కువున్నచోట ఇది త్వరగా జరుగుతుంది. మన సినిమాలు పుట్టిన మద్రాసు ఎలాంటి ఊరో నేను చెప్పనక్కర్లేదు. పరిశ్రమ హైదరాబాద్ వచ్చేసింది, అక్కడి ల్యాబులు ఒక్కొక్కటీ మూతపడ్డాయి, నెగెటివ్‌లు ఎవరివి ఎక్కడికి చేరాయో అడిగేవాళ్ళు లేరు. 1932 నాటి మన మొదటి టాకీ 'భక్త ప్రహ్లాద' ఎటూ దక్కలేదు. అప్పుడు తెలియక పోగొట్టుకున్నాం. ఇప్పుడు ఆ మాట చెల్లదు.

3. పాట నేర్చుకునేవారికి. ఆన్‌లైన్‌లో పాత పాటల పక్కన సంగీత దర్శకుడి పేరు ఉంటే గొప్ప. పాడినవాళ్ళ పేరు చోట "వివిధ గాయకులు" అని ఉంటుంది. భానుమతి గారి పాటను ఇంకొకరి పేరు కింద చూపించిన చోట్లు నేనే చూశాను. 2012 సవరణ తర్వాత కాపీరైట్ చట్టంలో ప్రదర్శకులకు కూడా "ఇది నా ప్రదర్శన అని నా పేరు చెప్పండి" అని అడిగే హక్కు వచ్చింది. ఆ సెక్షన్ ఇంత పాత పాటలకు వర్తిస్తుందా లేదా అన్న వాదనలోకి నేను దిగను. మర్యాద సంగతి అడుగుతున్నాను.

4. దర్శకత్వం వైపు వెళ్దామనుకునే ఆడపిల్లలకు. "తెలుగులో ఆడవాళ్ళు డైరెక్షన్ చేయడం ఈమధ్యే కదా మేడమ్ మొదలైంది" అని ఫిల్మ్ కోర్సు చదివే అమ్మాయి నాతో అంది. భానుమతి గారు 1953లో, సావిత్రి గారు 1968లో 'చిన్నారి పాపలు'తో, 70ల నుంచి విజయనిర్మల గారు ఏకంగా 44 సినిమాలతో... ఇదంతా ఆ పిల్లకు కొత్త కబురు. తప్పు ఆమెది కాదు. చూపించడానికి ఒక మంచి కాపీ, చదవడానికి ఒక నమ్మకమైన జాబితా మనం ఉంచలేదు. ప్రతి తరమూ తామే మొదటివాళ్ళమనుకుని సున్నా నుంచి మొదలుపెట్టాల్సి వస్తోంది. సెట్‌లో "ఆడవాళ్ళకి డైరెక్షన్ ఏం చేతనవుతుంది" అన్నవాడికి ఠక్కున జవాబు చెప్పే అవకాశం కూడా పోయింది.

5. కథలు చదివేవారికి. ఇది నా సబ్జెక్టు కాబట్టి కాస్త ఎక్కువ రాస్తాను, ఓర్చుకోండి.

'అత్తగారి కథలు' వచ్చేనాటికి తెలుగు తెర మీద అత్త అంటే గయ్యాళి. సూర్యకాంతం గారు ఆ పాత్రను ఎంత గొప్పగా చేశారంటే, ఆ పేరు పిల్లకు పెట్టడానికి జనం జంకారని చెప్పుకునేవారు. అదే పరిశ్రమలో ఉన్న మనిషి కాగితం మీద ఇంకో అత్తను పుట్టించింది. మడి, ఆచారం, పట్టుదల అన్నీ ఉన్న మనిషే. ఇంటి పెత్తనమంతా ఆవిడదే. కానీ లోకం తెలియదు, ఎవడేం చెప్పినా నమ్ముతుంది, చివరికి తనే ఇరుక్కుంటుంది. కథ చెప్పేది కోడలు. ఆ కోడలి గొంతు గమనించండి. ఎక్కడా ఎదురు చెప్పదు, ఎక్కడా వెక్కిరించదు, పక్కన వినయంగా నిలబడి జరిగిందంతా చెప్తుంది. నవ్వు మనకొస్తుంది. అత్త మీద జాలీ మనకే కలుగుతుంది. మునిమాణిక్యం నరసింహారావు గారి హాస్య కథల్లోని కాంతాన్ని మనం భర్త కళ్ళతో చూశాం. ఇక్కడ ఒక ఆడమనిషి ఇంకో ఆడమనిషిని వంటింటి గుమ్మంలోంచి చూసి నవ్వింది. మన హాస్య సాహిత్యంలో ఇది చిన్న మార్పు కాదు. నటించేటప్పుడు ఎదుటివాళ్ళ మాట విని స్పందించే అలవాటు రచనలోకి ఎలా వచ్చిందో చూడాలంటే ఈ కథల కన్నా మంచి ఉదాహరణ నాకు తెలియదు. అందుకే ఆవిడ సినిమాని ఒక అల్మరాలో, కథని ఇంకో అల్మరాలో పెట్టొద్దంటున్నాను.

మా ఊళ్ళో ఈ పుస్తకం కావాలంటే గ్రంథాలయంలో ఉన్న ఒక్క కాపీయే గతి. అట్ట ఊడితే కాకీ కాగితంతో బైండ్ చేశారు. తేదీలు వేసే చీటీ నిండిపోయి దాని మీద ఇంకో చీటీ అంటించారు. పేజీ తిప్పితే మూల విరిగి చేతిలోకి వస్తోంది, మధ్యలో ఒక కథ చివరి పేజీలు లేవు. ఎవరూ చదవని పుస్తకానికి ఈ గతి పట్టదు. షాపులో అడిగితే "వస్తే చెప్తాం" అంటారు. దొంగ పీడీఎఫ్‌లు మాత్రం ఫోన్ల నిండా తిరుగుతున్నాయి. రచనల మీద హక్కులు రచయిత పోయాక 60 ఏళ్ళు, అంటే 2065 చివరిదాకా వారసులవే. సక్రమంగా కొనుక్కుందామనుకునేవాడికి పుస్తకం దొరక్క, కొననివాడికి ఉచితంగా దొరకడం ఏం న్యాయం?

6. పరిశోధన చేసే పిల్లలకు. ఫిల్మ్ ఆర్కైవ్ పుణెలో, పాత పత్రికలు, స్టూడియోల జ్ఞాపకాలు చెన్నైలో, మిగిలింది ఇళ్ళలో పాత పెట్టెల్లో. ఫెలోషిప్ లేని పిల్ల ఎక్కడికని తిరుగుతుంది? చివరికి ఇంకొకరి వ్యాసంలోంచి ఎత్తి రాస్తుంది. తప్పులూ దానితో పాటే వస్తాయి. ఆవిడ పుట్టిన సంవత్సరమే ఒక్కోచోట ఒక్కోలా కనబడుతోంది.

ఇక మా డిమాండ్లు. విగ్రహం అడగడం లేదు. రోడ్డుకు పేరు పెట్టమనీ అడగడం లేదు. అవి ఎవరో ఒకరు ఎప్పుడో ఒకప్పుడు చేస్తారు, దండ వేయడానికి ఏడాదికోసారి వస్తారు. మేం అడిగేవి ఇవి:

1. ఎవరిది బాధ్యతో రాతపూర్వకంగా చెప్పండి. భానుమతి గారిలా రెండు మూడు రంగాల్లో పనిచేసిన కళాకారుల కోసం ఒక అధికారిని నియమిస్తూ ఉత్తర్వు ఇవ్వండి. "మా శాఖ కాదు" అన్న మాట అక్కడితో ఆగాలి. ఇది మిగతావన్నిటికన్నా ముందు జరగాలి. దీనికి పెద్ద ఖర్చు కూడా లేదు.

2. ఒక పట్టిక తయారుచేయండి. ఆవిడ పనిచేసిన ప్రతి సినిమాకూ ఏ భాష, ఏ సంవత్సరం, అందులో ఆవిడ చేసిన పనులేమిటి, నెగెటివ్ గానీ ప్రింట్ గానీ ఎక్కడుంది, ఏ స్థితిలో ఉంది. తమిళ సినిమాలు కూడా అందులో ఉండాలి. అందుకు తమిళనాడు ప్రభుత్వంతోనూ, పుణె ఆర్కైవ్‌ను ఇప్పుడు నడుపుతున్న జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థతోనూ మాట్లాడాల్సింది మీరే. మాలాంటివాళ్ళు ఉత్తరం రాస్తే ఏమవుతుందో పైనే చెప్పాను. రెండు తెలుగు రాష్ట్రాలూ వాటాలు తేల్చుకునేదాకా ఫిల్ము ఆగదు కాబట్టి ముందు ఎవరో ఒకరు మొదలుపెట్టండి.

3. నెగెటివ్‌లు దగ్గరున్నవారికి విన్నపం: సరుకు ఊరికే ఇచ్చేయమనడం లేదు. మీ దగ్గర ఏముందో చెప్పండి. వెనిగర్ వాసన మొదలైన డబ్బాలను వేరుచేసి ముందు స్కాన్ చేయించడానికి ఒప్పుకోండి. ఆ ఖర్చు ప్రభుత్వం పెట్టుకోవాలి, స్కాన్ కాపీ ఒకటి ప్రజల దగ్గర ఉండాలి.

4. పాత సినిమాలను ఆన్‌లైన్‌లో పెట్టి డబ్బు సంపాదించుకుంటున్న కంపెనీలు టైటిల్స్ కత్తిరించకూడదు. అసలు టైటిల్స్ దొరకకపోతే ఆనాటి పాటల పుస్తకాల్లో సాంకేతిక నిపుణుల పేర్లుంటాయి, వాటిని చూసి వివరాల్లో రాయండి. పాట పాడినవారి పేరు ప్రతి పాటకూ విడిగా ఉండాలి. ఫిల్మ్ ఛాంబర్ ఈ మేరకు సభ్యులకు ఒక సర్క్యులర్ పంపినా చాలావరకు సర్దుకుంటుంది.

5. వారసుల అనుమతితో, వారికి రాయల్టీ ఇచ్చి, 'అత్తగారి కథలు', 'నాలో నేను' పుస్తకాలను ఎప్పుడూ దొరికేలా వేయండి. అన్ని జిల్లా, శాఖా గ్రంథాలయాలకూ కొనండి. ఇంటి పన్నుతో పాటు గ్రంథాలయ సెస్సు మా అందరి దగ్గరా వసూలు చేస్తూనే ఉన్నారు కదా. చూపు ఆనని పెద్దవాళ్ళ కోసం కథల ఆడియో కూడా చేయించండి. చదివేది మాత్రం కోస్తా యాస తెలిసినవాళ్ళయితే బాగుంటుంది, లేకపోతే అత్తగారు మనకు దక్కరు.

6. పుట్టిన తేదీ దగ్గర్నుంచి అవార్డుల దాకా ఆవిడ వివరాలను ఒకసారి పత్రాలతో సరిచూసి ప్రభుత్వ వెబ్‌సైట్‌లో పెట్టండి.

వీటిలో మొదటి రెండింటికీ మూడు నెలల్లో రాతపూర్వకమైన జవాబు కోరుతున్నాం. రాకపోతే ఇవే ప్రశ్నలను సమాచార హక్కు చట్టం కింద ఒక్కో శాఖకూ విడివిడిగా పంపుతాం. అప్పుడు ఎవరి పరిధి ఏమిటో వాళ్ళే రాసివ్వాల్సి ఉంటుంది.

మా వంతుగా ఒకటి చేయగలం. మా సభ్యుల ఇళ్ళలో 40లు, 50ల నాటి పాటల పుస్తకాలు, సినిమా పత్రికల బైండులు కొన్ని ఉన్నాయి. స్కానింగ్‌కు తెచ్చి ఇస్తాం, పని కాగానే తిరిగి తీసుకుపోతాం. ఒక్కొక్క పుస్తకానికీ రసీదు మాత్రం ఇవ్వాలి.

ఇట్లు,
ప్రకాశం జిల్లా నుంచి ఒక రిటైర్డ్ తెలుగు లెక్చరర్, తోటి పాఠకులు